నాన్నకి 47లో వస్తే కొడుక్కి 37లో

పెద్దపేగు క్యాన్సర్‌ని ముందే పట్టుకోవడానికి కెమెరా గొట్టంతో పేగు లోపల చూసే పరీక్ష, అదే కొలొనోస్కోపీ, ఏ వయసులో చేయించుకోవాలండీ అని ఎవరైనా అడిగితే ముందు ఎదురు ప్రశ్న ఒకటి వెయ్యాలి: మలంలో రక్తం పడుతోందా? పడుతుంటే ఇక వయసు లెక్క అక్కర్లేదు. స్క్రీనింగ్ అనే మాట ఏ ఇబ్బందీ లేనివాళ్లకి వర్తించేది. రక్తం కనిపిస్తున్నవాళ్లకి చేసేది జబ్బేమిటో తేల్చే పరీక్ష. దానికి 28 ఏళ్ల కుర్రాడైనా వెళ్లాల్సిందే.

గోదావరి జిల్లాల్లో దీనికి అడ్డుపడే మాటలు రెండున్నాయి. ఒకటి "వేడి చేసింది", రెండోది "మొలలే". మజ్జిగ, సబ్జా గింజలతో మొదలై, తగ్గకపోతే ఆర్‌ఎంపీ ఇచ్చే బిళ్లలు, ఆ తర్వాత ఆపరేషన్ లేకుండా మొలలు నయం చేస్తామని గోడ మీద రాసినచోటికి. ఈలోగా ఆర్నెల్లు గడిచిపోతాయి. మొలలున్నాయని తేలినంత మాత్రాన పైన ఇంకేమీ లేదని అర్థం కాదు, ఒకే మనిషికి రెండూ ఉండొచ్చు. పురీషనాళంలో, అంటే పెద్దపేగు చివరి భాగంలో పుట్టిన గడ్డ నుంచి కూడా అచ్చం మొలల్లాగే ఎర్రటి తాజా రక్తం పడుతుంది. గ్లవ్ వేసుకుని వేలితో చూస్తే కింది భాగంలో ఉన్న గడ్డ అక్కడికక్కడే తగులుతుంది. ఆ వేలి పరీక్ష చెయ్యకుండా మొలల మందు రాసిచ్చేస్తే ఇంకో డాక్టరుకి చూపించుకోండి.

కంటికి కనపడకుండా పోయే రక్తం సంగతి ఇంకా మోసం. పెద్దపేగు కుడివైపు గడ్డ ఉంటే రక్తం మలంలో కలిసిపోతుంది, మనిషికి తెలిసేది ఆయాసం, నీరసం మాత్రమే. యాభై దాటిన మగవాళ్లకి గానీ ముట్లుడిగిన ఆడవాళ్లకి గానీ ఐరన్ తగ్గి హిమోగ్లోబిన్ 8కో 9కో పడిపోయిందంటే, ఐరన్ బిళ్లలిచ్చి ఒక రక్తం సీసా ఎక్కించి పంపడం వైద్యం అనిపించుకోదు. చెప్పుల్లేకుండా చేలో దిగేవాళ్లకి కొంకిపురుగుల వల్ల కూడా రక్తం తగ్గుతుంది, నిజమే. పురుగుల బిళ్ల వెయ్యండి. వేశాం కదా అని పేగు చూడ్డం మాత్రం మానకండి.

ఇవేవీ లేనివాళ్ల దగ్గరే వయసు లెక్క మొదలవుతుంది. అమెరికాలో క్యాన్సర్ సొసైటీ 2018లోనూ, అక్కడి నివారణ వైద్య నిపుణుల బృందం 2021లోనూ 50 ఏళ్ల హద్దుని 45కి దించాయి. చిన్న వయసువాళ్లలో ఈ జబ్బు పెరగడమే కారణం. 75 దాకా క్రమంగా చూసుకోవాలి, 76 నుంచి 85 మధ్య ఆరోగ్యాన్ని బట్టి, ఆపైన అక్కర్లేదు. మన దేశంలో ఈ జబ్బు వాళ్లకంటే తక్కువ. పైగా మన ప్రభుత్వ కార్యక్రమంలో ఏఎన్ఎంలు, ఆశాలు 30 దాటినవాళ్లకి చూసేది నోరు, రొమ్ము, గర్భాశయ ముఖద్వారం. పేగు అందులో లేదు. కాబట్టి మిమ్మల్ని ఎవరూ పిలవరు, మీరే అడగాలి.

ఇంట్లో ఎవరికీ ఈ జబ్బు లేని, 45 దాటిన మనిషి ఏటా ఒకసారి ఫిట్ అనే మల పరీక్ష చేయించుకున్నా సరిపోతుంది. ల్యాబుల్లో మామూలుగా చేసే ఆకల్ట్ బ్లడ్ పరీక్ష పాతది, మాంసం తిన్నా తప్పు చూపించొచ్చు. ఫిట్ మనిషి రక్తాన్నే పట్టుకుంటుంది, పథ్యం అక్కర్లేదు. ల్యాబులో ఏది చేస్తారో పేరు పెట్టి అడగండి. మన ఎండల్లో ఒక జాగ్రత్త ఉంది: మే నెల ఉక్కలో నమూనా ఒక పూట బయట ఉంటే అందులోని హిమోగ్లోబిన్ విరిగిపోయి, రక్తం ఉన్నా లేదని రావచ్చు. పొద్దున్న తీసి వెంటనే ఇచ్చెయ్యాలి, ఆలస్యమైతే ఫ్రిజ్‌లో పెట్టాలి. పాజిటివ్ వస్తే మళ్లీ ఫిట్ చేయించి "ఈసారి నెగటివ్ వచ్చిందిలే" అనుకోవద్దు, నేరుగా కొలొనోస్కోపీయే. అలాగే ఫుల్ బాడీ చెకప్ ప్యాకేజీల్లో అంటగట్టే సీఈఏ రక్తపరీక్ష స్క్రీనింగ్‌కి పనికిరాదు. క్యాన్సర్ ఉన్నా అది మామూలుగా ఉండొచ్చు, పొగతాగేవాళ్లలో క్యాన్సర్ లేకున్నా పెరగొచ్చు.

ఇంట్లో ఒకరికి వచ్చి ఉంటే లెక్క వేరు. తల్లి, తండ్రి, తోబుట్టువులు, పిల్లలు, వీళ్లలో ఎవరికైనా 60 లోపు పెద్దపేగు క్యాన్సర్ గానీ పెద్ద పాలిప్ (పేగు లోపలి పొర మీద పెరిగే కండ) గానీ వస్తే, మీకు 40 ఏళ్లకి, లేదా వాళ్లకి బయటపడిన వయసులోంచి 10 తీసేసిన ఏడాదికి, ఏది ముందైతే అప్పుడు మొదలుపెట్టాలి. నాన్నకి 47లో వస్తే మీకు 37. అక్కకి 53లో వస్తే 43 అవుతుంది గనక 40యే. ఇక్కడ ఫిట్ మాట వద్దు, నేరుగా కొలొనోస్కోపీ, బాగానే ఉన్నా 5 ఏళ్లకోసారి. అమ్మకి 66లో వచ్చిందనుకోండి, 40కే మొదలుపెడతారు గానీ ఆపైన మామూలు వాళ్ల లెక్కే, అంటే బాగుంటే 10 ఏళ్లకోసారి.

సంక్రాంతికి ఇల్లంతా నిండినప్పుడు పెద్దవాళ్లని కూర్చోబెట్టి ఈ వివరాలు అడగండి. "కడుపులో గడ్డతో పోయాడు" అనే మాట చాలదు. కడుపులో ఎక్కడ, ఎన్నో ఏట? పెద్దమ్మకి గర్భసంచి తీసేశారంటే ఎందుకు తీశారో కనుక్కోండి. మన ప్రాంతంలో ఆ ఆపరేషన్ మామూలైపోయింది గనక ఎవరూ కారణం అడగరు. గర్భసంచి క్యాన్సర్, పేగు క్యాన్సర్ ఒకే కుటుంబంలో కనిపిస్తే లించ్ సిండ్రోమ్ అనే వంశపారంపర్య జబ్బుని అనుమానించాలి. ఆ ఇంట్లో 20–25 ఏళ్లకే మొదలై ఏడాదికో రెండేళ్లకో చూపించుకోవాల్సి వస్తుంది. మేనరికాలున్న ఇళ్లలో ఇంకో చిక్కు. లోపమున్న జన్యువు తల్లి నుంచీ తండ్రి నుంచీ రెండూ వస్తేనే బయటపడే పాలిప్‌ల జబ్బు ఒకటుంది. అమ్మానాన్నలిద్దరూ బాగానే ఉంటారు, అన్నదమ్ములకి మాత్రం పేగు నిండా పాలిప్‌లు. అలాంటి ఇంట్లో "మా నాన్నకేం లేదుగా" అనే ధీమా పనికిరాదు.

అల్సరేటివ్ కొలైటిస్, అంటే పెద్దపేగులో పుళ్లు పడే దీర్ఘకాలిక జబ్బు ఉన్నవాళ్లకి, అది మొదలైన 8 ఏళ్ల నుంచి కొలొనోస్కోపీ. అది వాళ్ల డాక్టరే చూసుకుంటారు.

తేదీ ఖాయమయ్యాక పరీక్ష ఫలితం సగం మీ వంటింట్లోనే తేలిపోతుంది. పేగు శుభ్రంగా లేకపోతే డాక్టరు ఎంత గొప్పవాడైనా మురికిలోంచి పాలిప్ కనపడదు. రెండుమూడు రోజుల ముందు నుంచి పీచు, గింజలు మానాలి: గోంగూర, తోటకూర, పనసపొట్టు, వంకాయ, బెండకాయ, జామకాయ, కొబ్బరిపచ్చడి, పెసరట్టు, ఆవకాయ. పోపులో ఆవాలు కూడా వద్దు. స్కోపులో నీళ్లు పీల్చే గొట్టం లోపలి వెడల్పు సుమారు 4 మిల్లీమీటర్లే. అందులో గింజలు ఇరుక్కుంటే పీల్చడం ఆగిపోతుంది. తెల్లన్నం, ఇడ్లీ, పెరుగు, గుడ్డు, మసాలా లేని చేప తినొచ్చు. ముందురోజు మధ్యాహ్నం నుంచి తేట ద్రవాలే: వడకట్టిన చారు, కొబ్బరినీళ్లు, పాలు కలపని టీ, గ్లూకోజు నీళ్లు. మజ్జిగ తేట అనిపించినా అది పాల పదార్థమే, వద్దు. ఎర్ర షర్బత్ కూడా వద్దు, లోపల రక్తంలా కనిపిస్తుంది. కిడ్నీ జబ్బున్నవాళ్లు కొబ్బరినీళ్లు ముట్టుకోవద్దు, అందులో పొటాషియం ఎక్కువ. వాళ్లు ఫాస్ఫేట్ రకం విరేచనాల మందు కూడా తీసుకోకూడదు.

ఐరన్ బిళ్లలు వారం ముందే ఆపాలి, మలాన్ని నల్లగా జిగటగా చేస్తాయి. ఆస్పిరిన్ సాధారణంగా ఆపరు. రక్తం గడ్డకట్టకుండా వాడే క్లోపిడోగ్రెల్, వార్ఫరిన్ లాంటివి గుండె డాక్టరుని అడక్కుండా సొంతంగా ఆపడం ప్రమాదం. షుగరుకి వాడే డపాగ్లిఫ్లోజిన్ రకం బిళ్లలు మూడు రోజుల ముందు ఆపమంటారు. ఇన్సులిన్ డోసు ఎంత తగ్గించాలో ముందే రాయించుకోండి.

పేగు కడగడానికి తాగే పెగ్ అనే విరేచనాల పొడి 2 లీటర్ల నీళ్లలో కలిపితే ఒక లీటరు ముందురోజు సాయంత్రం, రెండో లీటరు పరీక్షకి 4 నుంచి 6 గంటల ముందు మొదలుపెట్టి, కనీసం 2 గంటల ముందు ముగించాలి. చాలామంది తప్పుచేసేది ఇక్కడే. అర్ధరాత్రి లేవలేక రెండు లీటర్లూ రాత్రే తాగేస్తారు. తెల్లారేసరికి చిన్నపేగు నుంచి పైత్యం, జిగురు దిగి కుడివైపు పేగుకి పూత పూసేస్తాయి. చదునుగా, జిగురు టోపీ పెట్టుకుని ఉండే పాలిప్‌లు దొరకాల్సింది సరిగ్గా అక్కడే. పావుగంటకో గ్లాసు, చల్లగా తాగితే దిగుతుంది. వాంతి వస్తే అరగంట ఆగి మళ్లీ మొదలుపెట్టండి. పంచదార కలపొద్దు, నిమ్మచెక్క నాకితే చాలు. మొదట ముద్దగా, తర్వాత వరద గోదారి రంగులో, చివరికి మూత్రంలా పసుపుగా తేటగా పోవాలి. పొద్దున్నకి ఇంకా మట్టిరంగే ఉంటే ఆసుపత్రికి ఫోన్ చేసి చెప్పండి.

కోనసీమ వాళ్లకి ఇందులో దూరం కూడా చిక్కే. అమలాపురం నుంచి రాజమండ్రి, సఖినేటిపల్లి నుంచి పంటు దాటి నరసాపురం మీదుగా భీమవరం, ఇలా వెళ్లేవాళ్లు పొద్దున్న 9 గంటల స్లాట్ తీసుకుంటే రెండో లీటరు తాగేది ఆర్టీసీ బస్సులోనో రేవులోనో అవుతుంది. మధ్యాహ్నం 2 గంటల స్లాట్ అడగండి. ఉదయం 8కి మొదలుపెట్టి 9:30కి ముగిస్తే 11 దాకా ఇంట్లోనే పని అయిపోతుంది. కుదరకపోతే ముందురోజే బంధువుల ఇంటికో లాడ్జికో చేరుకోవాలి. తోడు మనిషి తప్పనిసరి. మత్తు ఇస్తారు గనక ఆ రోజు బండి నడపకూడదు.

పరీక్షలో స్కోపు చివరిదాకా వెళ్లాక, నెమ్మదిగా వెనక్కి వస్తూ చూడ్డమే అసలు పని. కనీసం 6 నుంచి 8 నిమిషాలు పట్టాలి. రిపోర్టులో సీకమ్, అంటే పెద్దపేగు మొదలు దాకా చేరినట్టు, అపెండిక్స్ రంధ్రం ఫోటోతో సహా ఉండాలి. శుభ్రతకి బోస్టన్ స్కోరు రాస్తారు: మూడు భాగాలకీ 3 చొప్పున 9కి ఎన్ని అని. ప్రతి భాగానికీ 2 తగ్గకూడదు. తగ్గితే "నార్మల్" అన్న మాటకి 10 ఏళ్ల గ్యారంటీ ఉండదు, ఏడాదిలోపు మళ్లీ చేయించుకోవాలి. పేగుకి చిల్లు పడ్డం స్క్రీనింగ్‌లో 10 వేలమందిలో సుమారు ముగ్గురికి, రక్తస్రావం సుమారు 15 మందికి. ఆగకుండా కడుపునొప్పి, జ్వరం, గడ్డలుగా రక్తం ఉంటే తెల్లారేదాకా ఆగొద్దు. పాలిప్ తీసినచోట రెండు వారాల దాకా రక్తం రావచ్చు.

తీసిన పాలిప్ బయాప్సీకి వెళ్తుంది, కాగితం కొన్ని రోజులకి వస్తుంది. "క్యాన్సర్ కాదన్నారు" అని ఫోన్‌లో విని ఆ కాగితం తెచ్చుకోనివాళ్లే ఎక్కువ. మళ్లీ ఎప్పుడన్నది ఉన్నది అందులోనే. 10 మిల్లీమీటర్ల లోపు ట్యుబ్యులర్ అడినోమాలు (ఎక్కువగా కనిపించే మామూలు రకం పాలిప్‌లు) ఒకటో రెండో అయితే 7 నుంచి 10 ఏళ్లు. మూడో నాలుగో అయితే 3 నుంచి 5. సైజు 10 మిల్లీమీటర్లు గానీ అంతకు మించి గానీ ఉన్నా, విల్లస్ (ముప్పు ఎక్కువుండే రకం) అని ఉన్నా, హై గ్రేడ్ డిస్‌ప్లేషియా (కణాలు బాగా మారిపోయాయని) అని ఉన్నా 3 ఏళ్లకే. ఈ మూడింట్లో ఏదున్నా ఆ కాగితాన్ని ఫోటో తీసి తమ్ముడికీ చెల్లెలికీ వాట్సాప్‌లో పెట్టండి, దాంతో వాళ్ల లెక్క కూడా మారిపోతుంది.