వార్న్ విగ్రహానికి సాక

మా వాడికి పన్నెండేళ్లు. పుట్టింది, పెరిగింది మెల్‌బోర్న్‌లోనే. వాడి గది గోడ మీద ఆస్ట్రేలియా స్పిన్నర్ షేన్ వార్న్ బొమ్మ. నాకేమో అక్కడ కుంబ్లే ఉండాలని ఆశ. ఇంజినీరింగ్ చదివినవాడు, 2002లో ఆంటిగ్వాలో విరిగిన దవడకు కట్టు కట్టుకుని వచ్చి వెస్టిండీస్ బ్యాటర్ లారాను ఔట్ చేసినవాడు. పిల్లలకు చెప్పుకోవడానికి ఇంకేం కావాలి? వార్న్ అంటే నాకు గుర్తొచ్చేవి సిగరెట్లు, 2003లో నిషేధిత మాత్ర వేసుకున్నందుకు పడిన ఏడాది వేటు. "వార్న్‌వి 708 వికెట్లు, కుంబ్లేవి 619" అని వాడు నా నోరు మూయిస్తాడు.

మొన్న సెలవులకు హనుమకొండ వెళ్లాం. 1998లో షార్జాలో సచిన్ వార్న్‌ను బాదుతుంటే ఇంట్లో గంతులేసిన మా బాపు, ఇప్పుడు మనవడి ముందు బత్తాయి పట్టుకుని బుద్ధిగా కూర్చున్నాడు.

"రెండు వేళ్లు పైన, రెండు మడిచి కింద. ఉంగరం వేలు తిప్పాలి తాతా. తర్వాత ఇది..." వాడికి మాట దొరకలేదు. తాత చెయ్యి పట్టుకుని చూపించాడు.

"మణికట్టు బిడ్డా. బొంగరం ఇసిరినట్టే గదరా!"

డాబా మీద ప్లాస్టిక్ కుర్చీయే వికెట్లు. 1993లో మాంచెస్టర్‌లో ఇంగ్లండ్ బ్యాటర్ గ్యాటింగ్‌కు వార్న్ వేసిన బంతిలా లెగ్ స్టంప్ అవతల పడి ఆఫ్ స్టంప్‌కు తగలాలట. మూడో బంతికే బత్తాయి పగిలింది. తినే వస్తువని అమ్మ తిట్టింది.

2022 మార్చిలో వార్న్ పోయినప్పుడు ఎంసీజీ క్రికెట్ స్టేడియం బయట అతని విగ్రహం దగ్గరికి వాణ్ని తీసుకెళ్లాను. పూలతో పాటు బీరు డబ్బాలు, సిగరెట్లు, మీట్ పైలు పెట్టి ఉన్నాయి. ఎనిమిదేళ్ల పిల్లాడికి ఏం చెప్పాలో తోచక లాక్కొచ్చేశాను. ఆ సంగతి వాడు తాతకు పూసగుచ్చినట్టు చెప్తుంటే నాకు తల కొట్టేసినట్టయింది.

బాపు నవ్వాడు. "గందులేముంది? మనం పోచమ్మకు కల్లు సాక పొయ్యమా? ఎవలకు ఇష్టమైంది వాళ్లకు."

"సాక అంటే?"

బాపు చెంబుతో నీళ్లు తెచ్చి, తులసి గద్దె ముందు సన్నటి ధారగా వంచి చూపించాడు.

తిరిగొచ్చాక మ్యాచ్‌కు వెళ్తూ విగ్రహం దగ్గర ఆగాడు మా వాడు. నేను చూస్తుండగానే సీసా మూత తీసి, గద్దె ముందు అచ్చం అలాగే కాస్త వంచాడు. సెక్యూరిటీ అతను మా వైపే చూస్తున్నాడు. నేను ఫోన్‌లో ఏదో వెతుకుతున్నట్టు నటించాను.

రాత్రి వీడియో కాల్‌లో బాపు అడిగాడు: "ఏం పోసినవ్‌రా?"

"లెమనేడ్ తాతా."

"అయ్యో, ఆడ కల్లు దొరకదా?"