కర్పూరం చెట్టు కింద

ఆదివారం, రాత్రి పది దాటింది.

అమ్మ టోక్యో వచ్చి రెండు వారాలైంది. గుడికి తీసుకెళ్ళవే అని ఒకటే పోరు. చివరికి ఇవాళ మెయిజీ జింగూకి వెళ్ళాం. హరాజుకులో రైలు దిగి, ఆ పెద్ద చెక్క తోరణం దాటగానే ఊరి గోల సద్దుమణిగింది. ఇక వినబడేది కాళ్ళ కింద కంకర చప్పుడే.

"ఊరి మధ్యలో ఇంత అడవి ఎలా మిగిలిందే?"

మిగల్లేదమ్మా, నాటారు అన్నాను. 1920లో మెయిజీ చక్రవర్తి దంపతుల పేర ఈ గుడి వెలిసింది. దేశం నలుమూలల నుంచీ జనం లక్ష దాకా మొక్కలు పంపారు. అప్పటి ప్రధాని ఒకుమా, సుగి అనే జపాన్ దేవదారు చెట్లే ఠీవిగా ఉంటాయని పట్టుబట్టాడట. హోండా సెయిరోకు అనే అడవుల పండితుడు మాత్రం ఈ నేల వాటికి పడదని వాదించి, ఏడాదంతా పచ్చగా ఉండే చెట్లకే ఒప్పించాడు. ఎవరూ నాటకుండానే తన విత్తనాలతో తనే పెరిగే అడవి కావాలన్నది ఆయన లెక్క. దానికి వందేళ్ళ పైన పడుతుందని తెలిసే మొదలుపెట్టారు. అపార్ట్‌మెంట్ బాల్కనీలో తులసి కూడా బతికించలేని నేను ఇది చెబుతున్నా!

నీళ్ళ తొట్టి దగ్గర ఎడమ చెయ్యి, కుడి చెయ్యి, నోరు కడుక్కోవాలి. ఆచమనమే కదా అని అమ్మ మింగబోతే ఆపాను. గుడి ముందు మెడ చాచి చూసి "దేవుడేడే?" అంది. కనబడడమ్మా అన్నాను. రెండు దండాలు, రెండు చప్పట్లు, మళ్ళీ ఒక దండం. చప్పట్లు మాత్రం భజనలో కొట్టినట్టు కొట్టింది.

పక్కనే రెండు కర్పూరం చెట్లు. ఆలుమగలంటారు వాటిని. రెంటినీ కలిపి లావాటి గడ్డితాడు, దానికి వేలాడే తెల్లకాగితాలు. ఈ చెట్లు వసంతంలోనే ముదురాకు రాలుస్తాయి. ఎర్రబారిన ఆకొకటి తీసి అమ్మ నలిపింది. "ఒసేయ్, హారతి వాసనే!" ఇన్నేళ్ళుగా వీటి ముందు ఫోటోలు దిగుతున్నా ఒక్క ఆకూ నలిపి చూడలేదు నేను. మనం వెలిగించే బిళ్ళలు ఇప్పుడు చాలావరకు ఫ్యాక్టరీ సరుకే అని చెప్పబోయి ఊరుకున్నాను.

తిరిగొస్తుంటే ఒకాయన తన ఎత్తు చీపురుతో దారి ఊడుస్తున్నాడు. ఆకులన్నీ చెట్ల కిందికే చేరుస్తున్నాడు. ఈ అడవి ఆకు ఈ అడవిలోనే ఎరువు కావాలి, బయటికి పోనివ్వరు అని చెప్పాను. "మన వీధిలో అయితే ఈపాటికి అగ్గిపెట్టేవాళ్ళు," అంది.

ఇప్పుడే మంచినీళ్ళకి వంటింట్లోకి వెళితే, ఫ్రిజ్ మీద వెంకటేశ్వరస్వామి పటం ముందు మూడు ఎర్రటి ఆకులున్నాయి.