తెగిన బారు

తడిగుడ్డతో ఒక్క తుడుపు తుడిచానంతే, చక్కెర డబ్బా దాకా సాగిన చీమల బారు మధ్యలో తెగిపోయింది.

చెరిపిన చోటికి రాగానే ప్రతి చీమా ఠక్కున ఆగి, మీసాలు ఆడిస్తూ వెనక్కి తిరుగుతోంది. వాసన పోయింది కదా, దానికి రోడ్డే పోయినట్టు!

లేత పసుపు రంగు, మహా అయితే 2 మిల్లీమీటర్లు. ఫారో చీమలే అనుకుంటా. తిండి లేని దారి మొదట్లో ‘ఇటు రావద్దు’ అనే వాసన కూడా పూస్తాయివి. మన గూగుల్ మ్యాప్స్‌కి పెద్దమ్మలు.

స్ప్రే తీసి మళ్లీ పెట్టేశాను. ఒక్కో గూట్లో రాణులు బోలెడు. కెలికితే కొన్ని గుడ్లూ పిల్లలూ ఎత్తుకుపోయి ఇంకోచోట వేరు కాపురం పెట్టేస్తాయి. ఒక టెన్షన్ కాస్తా నాలుగవుతుంది.

పావుగంటలో బారు మళ్లీ అతుక్కుంది. డబ్బా నేనే మార్చుకున్నాను.