శబ్దం మీద నిలబడే థర్మకోల్ పూస

శబ్దంతో లోకాన్నే మార్చేసే యంత్రాలు కథల్లో బోలెడు. చేత్తో కట్టుకోగలిగింది మాత్రం ఇదొకటి: థర్మకోల్ పూసను శబ్దంతోనే గాల్లో నిలబెట్టే యంత్రం. చిన్నదే, అయినా పూస గాల్లో ఆగిన ప్రతిసారీ ఒళ్ళు పులకరిస్తుంది.

దూరం కొలిచే హెచ్‌సీ-ఎస్‌ఆర్04 సెన్సార్ నుంచి రెండు ట్రాన్స్‌డ్యూసర్లూ (కరెంటు సిగ్నల్‌ను శబ్దంగా మార్చే చిన్న డబ్బీలు) ఊడదీసి, ఒకదానిపైన ఒకటి, ఎదురెదురుగా, సుమారు 2 సెంటీమీటర్ల ఎడంలో బిగించాలి. ఆర్డువినో నానో అనే చిన్న కంప్యూటర్ బోర్డు 40 కిలోహెర్ట్జ్ సిగ్నల్ ఇస్తుంది. ఎల్298ఎన్ మోటార్ డ్రైవర్ దాన్ని 9-12 వోల్టులకు పెంచుతుంది.

ఈ శబ్దం తరంగదైర్ఘ్యం సుమారు 8.6 మిల్లీమీటర్లు. ఎదురెదురు శబ్దాలు కలిసిన చోట పూస నిలిచే తావులు ఏర్పడతాయి, తరంగదైర్ఘ్యంలో సగానికొకటి, అంటే 4.3 మిల్లీమీటర్లకు ఒకటి. అందుకే 2 మిల్లీమీటర్ల పూస కుదురుగా ఉంటుంది, 5 అయితే జారిపోతుంది.

ఎక్కువమందికి దెబ్బ కొట్టేది రెండు ట్రాన్స్‌డ్యూసర్ల మధ్య దూరమే. పైదాన్ని వెంట్రుకవాసి చొప్పున జరుపుతూ పట్టు దొరికే చోటు వెతకాలి. పూసను వేళ్ళతో పెట్టకండి, శబ్దం వేళ్ళకు తగిలి చెదురుతుంది. సన్నటి పట్టకారు మేలు. ఫ్యాన్ ఆపేయండి.

జనవరిలో కుదిరింది మేలో కుదరదు. 25 డిగ్రీల దగ్గర సెకనుకు 346 మీటర్లు వెళ్ళే శబ్దం 40 డిగ్రీలకు 355 అందుకుంటుంది, తరంగదైర్ఘ్యం పెరుగుతుంది. పైదాన్ని మళ్ళీ జరపాల్సిందే.

నీటిబొట్టు నిలపడానికి ఈ జత చాలదు. 2017లో బ్రిస్టల్ విశ్వవిద్యాలయ పరిశోధకులు బయటపెట్టిన టైనీలెవ్ అనే ఇలాంటి యంత్రంలో ట్రాన్స్‌డ్యూసర్లు 72. అది కట్టేవాళ్ళు ప్రతిదాని ధ్రువత (ఏ కాలు ప్లస్, ఏది మైనస్) ముందే పరీక్షించి రంగుతో గుర్తుపెట్టాలి. కొన్ని తిరగబడినా పట్టు సడలుతుంది.