హెచ్‌-4 మీద అమెరికా వచ్చిన నటి మళ్లీ ముఖానికి రంగు వేసుకోవాలంటే: నా అనుభవం

హైదరాబాద్‌లో సీరియళ్లు, పరిషత్తు నాటకాలు చేసుకుంటూ, పెళ్లితోనో భర్త ఉద్యోగంతోనో అమెరికా వచ్చేసిన నటీమణులు చాలామందే ఉన్నారు. వచ్చిన కొత్తలో అందరిదీ ఒకటే తొందర: ఆడిషన్లు ఎక్కడ జరుగుతాయి, ఏజెంటు ఎలా దొరుకుతాడు అని. ఈ దారిలో నడిచాక నాకు అర్థమైన వరుస వేరు. ముందు వీసా, తర్వాత కాగితాలు, ఆ తర్వాత ఫొటో, గొంతు, ఉచ్చారణ. ఆడిషన్ వీటన్నిటి తర్వాతే. వరుస తప్పితే చేతికొచ్చిన వేషం కూడా వదులుకోవాల్సి వస్తుంది.

హెచ్‌-4 (హెచ్‌-1బి ఉద్యోగి భార్యకో భర్తకో ఇచ్చే వీసా) మీద ఉండగా, పని అనుమతి కార్డు లేకుండా డబ్బు తీసుకుని నటించకూడదు. ఇది అందరికీ తెలుసు. తెలియనిదల్లా 'ఊరికే చేస్తే ఏమవుతుంది' అన్న ప్రశ్నకు జవాబు. అందరూ స్వచ్ఛందంగా చేసే కమ్యూనిటీ థియేటర్‌లో వేషం కట్టడం ఒకటి. మిగతా నటులకు పారితోషికం ఇస్తున్న షూటింగ్‌లో మీరొక్కరే ఉచితంగా చేయడం ఇంకొకటి. రెండోదాన్ని ఉద్యోగం కింద లెక్కగట్టే ప్రమాదం ఉంది. డబ్బు బదులు చీరలో, విమానం టికెట్లో ఇచ్చినా గొడవ గొడవే. యూట్యూబ్ ఛానల్‌లో ప్రకటనల ఆదాయం ఆన్ చేసే ముందు కూడా ఇమిగ్రేషన్ లాయర్‌ని అడగండి. అయితే హెచ్‌-4 మీద చదువుకోవడానికి అడ్డేమీ లేదు. కార్డు కోసం ఎదురుచూసే కాలాన్ని యాక్టింగ్ క్లాసులకూ, ఉచ్చారణకూ పెడితే అదే పెద్ద పెట్టుబడి.

కార్డు అందరికీ రాదు. భర్తకు ఐ-140 (గ్రీన్ కార్డు కోసం కంపెనీ వేసే పిటిషన్) ఆమోదమై ఉండాలి, లేదా ఆయన హెచ్‌-1బి ఆరేళ్ల పరిమితి దాటి పొడిగింపులో ఉండాలి. 2015 మే 26 నుంచి అమల్లో ఉన్న నిబంధన ఇది. కార్డు కోసం పెట్టే ఐ-765 ఫారం నింపేటప్పుడు సోషల్ సెక్యూరిటీ నంబరు కూడా కావాలన్న గడి అందులోనే టిక్ చేస్తే మళ్లీ ఆ ఆఫీసుకు తిరిగే పని తప్పుతుంది. కార్డు వచ్చాక ఏ నిర్మాత దగ్గరైనా చేయవచ్చు, ఫలానా సంస్థకే అన్న కట్టుబాటు లేదు. ఎల్‌-2 (కంపెనీ బదిలీ మీద ఎల్‌-1తో వచ్చినవాళ్ల భార్యకో భర్తకో ఇచ్చే వీసా) మీద వచ్చినవాళ్లది ఇంకా తేలిక: 2021 నవంబరు నుంచి వాళ్లకు విడిగా కార్డు అక్కర్లేదు, ఐ-94 (దేశంలోకి వచ్చినట్టు ఇచ్చే రికార్డు) మీద ఎల్‌-2ఎస్ అని ఉంటే చాలు.

రెన్యువల్ దగ్గర జాగ్రత్త. గడువుకు 180 రోజుల ముందు నుంచి దరఖాస్తు పెట్టుకోవచ్చు. మొదటి రోజే పెట్టేయండి. ఇదివరకు దరఖాస్తు పెండింగ్‌లో ఉంటే పాత కార్డు దానంతటదే పొడిగింపు పొందేది. 2025 అక్టోబరు 30 నుంచి పెట్టిన రెన్యువల్స్‌కు ఆ వెసులుబాటు తీసేశారు. సెట్‌కి వెళ్లగానే మేకప్ కంటే ముందు మీ చేతికిచ్చేది ఐ-9 ఫారం, అంటే పని చేసే అనుమతి ఉందని రుజువు చూపాల్సిన కాగితం. కార్డు గడువు దాటిందంటే ఆ రోజు మీరు కెమెరా ముందుకు రాలేరు. మన దగ్గరలా 'రేపటి షెడ్యూల్‌లో సర్దుకుందాంలే' అనేవాళ్లు ఇక్కడ ఉండరు.

కార్డు దారి లేనివాళ్లకు ఓ-1బి, అంటే అసాధారణ ప్రతిభ ఉన్న కళాకారుల వీసా ఉంది. దీనికి నటి తనంతట తాను దరఖాస్తు వేసుకోవడం కుదరదు. అమెరికాలోని యజమానో, ఏజెంటో ఐ-129 ఫారంతో వేయాలి. ఆస్కార్, ఎమ్మీ స్థాయి బహుమతి లేనివాళ్లు ఆరు రకాల ఆధారాల్లో కనీసం మూడు చూపించాలి: పేరున్న ప్రదర్శనల్లో ప్రధాన పాత్రలు, పత్రికల్లో సమీక్షలు, ప్రజాదరణ పొందిన విజయాలు, పేరున్న సంస్థల్లో ముఖ్య పాత్ర, సంస్థల లేదా నిపుణుల గుర్తింపు, సాటివాళ్లకంటే ఎక్కువ పారితోషికం. నటుల యూనియన్ అభిప్రాయ లేఖ తప్పనిసరి. రంగస్థలానికైతే యాక్టర్స్ ఈక్విటీ. సినిమా, టీవీ అయితే యూనియన్‌ది ఒకటి, నిర్మాతల సంస్థది ఒకటి. ఆమోదమైతే మొదట మూడేళ్ల వరకు ఇస్తారు.

ఈ ఆధారాలన్నీ హైదరాబాద్ వదలకముందే పోగు చేయాలి. విమానం ఎక్కాక అడిగితే ఎవరూ పట్టించుకోరు, చిన్న ప్రొడక్షన్ హౌస్‌లైతే మూతపడి ఉంటాయి కూడా. ప్రతి సీరియల్‌కూ లెటర్‌హెడ్ మీద ఒక ఉత్తరం తీసుకోండి. పాత్ర పేరు, ఏ నెల నుంచి ఏ నెల దాకా చేశారు, రోజుకు ఎంత ఇచ్చారు, ఏ ఛానల్‌లో వచ్చింది, కింద సంతకం, హోదా. పరిషత్తుల్లో వచ్చిన జ్ఞాపికల ఫొటోల కంటే ప్రశంసాపత్రాలకు, ఆహ్వానపత్రికలకు, న్యాయనిర్ణేతల పేర్లున్న కరపత్రాలకు విలువెక్కువ. నంది నాటకోత్సవాల పత్రమైతే అది ప్రభుత్వ బహుమతి అని రాసి ఉన్న కాగితం కూడా జతచేయాలి. ఇక్కడి అధికారికి నంది అంటే ఏమిటో తెలిసే అవకాశం లేదు.

పేపర్ కటింగుల సంగతి ప్రత్యేకంగా చెప్పాలి. మన నాటకాల వార్తలు ఎక్కువగా జిల్లా ఎడిషన్లలో వస్తాయి. మనవాళ్లు ఫొటో, నాలుగు వరుసల వార్త మాత్రం కత్తిరించి అట్టకు అంటిస్తారు. పత్రిక పేరు, తేదీ, పేజీ నంబరు ఉన్న పైభాగం చెత్తబుట్టలోకి పోతుంది. ఆ ముక్క దేనికీ కొరగాదు. పేజీ మొత్తం స్కాన్ చేసి ఉంచుకోవాలి. తెలుగులో ఉన్న ప్రతి కాగితానికీ పూర్తి ఇంగ్లిష్ అనువాదం, 'రెండు భాషలూ నాకు వచ్చు, పూర్తిగా, సరిగ్గా అనువదించాను' అన్న అనువాదకుల సంతకం ఉండాలి. సారాంశం రాసి పెడితే చెల్లదు.

ఇక షోరీల్, అంటే మీ నటన క్లిప్పులు కలిపిన చిన్న వీడియో. మన సీరియళ్లలో చాలామందికి గొంతు వేరేవాళ్లది. సెట్‌లో అసిస్టెంటు డైరెక్టర్ పక్కనుంచి ప్రాంప్టింగ్ ఇస్తుంటే పెదాలు కదిపి, డబ్బింగ్ థియేటర్‌కి వదిలేసే పద్ధతి. అలాంటి క్లిప్ ఇక్కడ చూపిస్తే మీ గొంతు అదే అనుకుంటారు, తర్వాత ఇబ్బంది. సొంత గొంతుతో ఉన్నవే ఏరుకోండి. రీల్ నిడివి ఒకటి నుంచి రెండు నిమిషాలు. మొదటి పది సెకన్లలో మీ ముఖం కనిపించి, మీ మాట వినిపించాలి. టైటిల్ మ్యూజిక్, ముఖం మీదికి మూడుసార్లు జూమ్ అయ్యే షాట్లు, ఉరుము శబ్దాలు అన్నీ తీసేయండి. అత్తగారి చూపు మీద ఆగిపోయే ఫ్రేము మన ఇళ్లలో పండుతుందేమో, ఇక్కడ నవ్వుతారు. తెలుగు క్లిప్ ఒక్కటి ఉంటే చాలు, కింద ఇంగ్లిష్ సబ్‌టైటిల్స్ వేసి. మిగతావి ఇక్కడి యూనివర్సిటీల స్టూడెంట్ ఫిల్ములతో నింపుకోవచ్చు.

హెడ్‌షాట్ (ఆడిషన్ల కోసం ఇచ్చే ముఖం ఫొటో) ఎనిమిదికి పది అంగుళాలు, నిలువు. చర్మం నున్నగా చేసిన స్టూడియో ఫొటోలు పనికిరావు. ఫొటోలో ఉన్న మనిషే తలుపు తీసుకుని లోపలికి రావాలని కాస్టింగ్ వాళ్లు ఆశిస్తారు.

రెజ్యూమె ఒక్క పేజీ, ఫొటో వెనక సరిపోయే కొలతలో. పుట్టినతేదీ, తండ్రి పేరు, పెళ్లయిందా లేదా లాంటివేవీ ఉండకూడదు. ఎత్తు, యూనియన్ స్థితి, ఫోన్, ఈమెయిల్ చాలు. కింద మూడు నిలువు వరుసలు: నిర్మాణం పేరు, పాత్ర, సంస్థ లేదా దర్శకుడు. టీవీ వరుసలో పాత్ర పేరు రాయరు, స్థాయి రాస్తారు. ఏడాది పొడుగునా రోజూ వచ్చే సీరియల్‌లో ప్రధాన పాత్రైతే సిరీస్ రెగ్యులర్, అప్పుడప్పుడూ వచ్చే పిన్ని పాత్రైతే రికరింగ్, ఒక్క ఎపిసోడ్‌లో రెండు మాటలైతే కో-స్టార్. పక్కనే 'తెలుగు' అని రాయండి, దాచాల్సిన పనిలేదు. నాటకాల దగ్గర మాత్రం పాత్ర పేరే రాయాలి. ప్రత్యేక నైపుణ్యాల కింద అడిగిన నిమిషంలో చేసి చూపించగలిగినవే పెట్టండి. కూచిపూడి వస్తే కూచిపూడి, పద్యం రాగయుక్తంగా పాడగలిగితే అదీ.

ఇప్పుడు చాలావరకు మొదటి ఆడిషన్ ఇంట్లోనే, మీరే వీడియో తీసి పంపే సెల్ఫ్‌టేప్. బ్రేక్‌డౌన్ సర్వీసెస్ వాళ్ల యాక్టర్స్ యాక్సెస్, కాస్టింగ్ నెట్‌వర్క్స్, బ్యాక్‌స్టేజ్ లాంటి సైట్లలో ప్రొఫైల్ పెట్టుకుంటే పిలుపులు అక్కడికే వస్తాయి. సన్నివేశం కాగితాలు పంపి ఒకటి రెండు రోజుల గడువిస్తారు. ప్రాంప్టింగ్ అలవాటున్నవాళ్లు మొదట తడబడేది ఇక్కడే. డైలాగు పక్కనుంచి అందుతుందన్న భరోసాతో ఏళ్లు గడిపిన బుర్ర, కంఠతా పట్టడం మరిచిపోయి ఉంటుంది. నాటకం వాళ్లకు ఆ బాధ లేదు, వాళ్ల చిక్కు గొంతు. పరిషత్తు స్టేజీ మీద వేలాడే మైకును అందుకోవడానికి ఎత్తిన గొంతు, మూడడుగుల దూరంలోని ఫోన్ ముందు అరుపులా ఉంటుంది. ఎదుటి మనిషి చేయి చాచినంత దూరంలో కూర్చున్నట్టు మాట్లాడండి.

ఫోన్ అడ్డంగా, ట్రైపాడ్ మీద, లెన్స్ మీ కళ్ల ఎత్తులో. ఫ్రేము రొమ్ము మధ్య నుంచి తల పైన కొద్ది ఖాళీ దాకా. వెనక బూడిద రంగో, నీలమో సాదా గుడ్డ. దానికి మూడు నాలుగు అడుగుల ముందుకు నిలబడకపోతే నీడ గుడ్డ మీద పడుతుంది. రెండు లైట్లు చెరో వైపు ఏటవాలుగా పెట్టాలి. రికార్డింగ్‌కు ముందు స్క్రీన్ మీద మీ ముఖాన్ని నొక్కి పట్టి ఫోకస్, వెలుతురు లాక్ చేయండి, లేకుంటే కదిలినప్పుడల్లా ముఖం తెల్లబడి నల్లబడుతుంది. సన్నగళ్ల బట్టలు కెమెరాలో అలలు అలలుగా కదులుతాయి, పట్టు మెరుస్తుంది. గాజులు, పట్టీలు తీసేయండి. చేయి కదిపిన ప్రతిసారీ ఆ గలగల మాట మీద పడుతుంది. ఎదుటి పాత్ర మాటలు చదివే మనిషి లెన్స్ పక్కనే, దానికి వీలైనంత దగ్గరగా నిలబడి మీకంటే తగ్గు గొంతుతో చదవాలి. మైకు ఆ మనిషికే దగ్గర కాబట్టి మామూలుగా చదివితే మిమ్మల్ని మింగేస్తారు. చూపు ఆ మనిషి మీద ఉండాలి, లెన్స్‌లోకి కాదు. పేరు, ఎత్తు, ఉండే ఊరు చెప్పే స్లేట్‌లో మాత్రమే లెన్స్‌లోకి చూడాలి. ఫైలు పేరు వాళ్లు చెప్పిన అక్షరాల్లోనే పెట్టండి.

ఉచ్చారణకు నెలలు పడుతుంది. మన నాలుకకు నాలుగు అలవాట్లు అడ్డం. ఇంగ్లిష్ మాట మొదట్లో వచ్చే ప, ట, క లను మనం గాలి వదలకుండా పలుకుతాం. అమెరికన్ చెవికి మన 'ప' 'బ'లా వినిపిస్తుంది. అరచేయి పెదాల ముందు పెట్టుకుని, గాలి తగిలేదాకా పలకడం సాధన. ట, డ లకు మన నాలుక వెనక్కి మడుస్తుంది, వాళ్లది పై పళ్ల వెనక చిగురుకు తగులుతుంది. తెలుగు మాటలు అచ్చుతో ముగుస్తాయి కాబట్టి 'బస్'ను బస్సు చేసేస్తాం, హల్లు మీద ఆగడం నేర్చుకోవాలి. నాలుగోది లయ: మనం అక్షరాలన్నిటికీ దాదాపు సమానంగా బరువు ఇస్తాం, వాళ్లు ఒక దాన్ని ఒత్తి మిగతావి మింగేస్తారు. ఈ చివరిది ఒక్కటి దారికొస్తే మిగతా లోపాలు సగం వినిపించవు. అలాగని సొంత యాస చంపుకోనక్కర్లేదు, దాన్నే అడిగే పాత్రలూ ఉన్నాయి. రెండూ చేతిలో ఉంటే మేలు.

ఏజెంటు పని ఇప్పించాక పది శాతం తీసుకుంటాడు. ముందే రిజిస్ట్రేషన్ ఫీజు అడిగినా, ఫొటోలు మా మనిషి దగ్గరే తీయించుకోవాలన్నా అక్కడి నుంచి లేచి వచ్చేయండి.

యూనియన్‌లో ఎప్పుడు చేరాలన్నది ఆచితూచి తేల్చుకోవాలి. సినిమా, టీవీ నటుల యూనియన్ శాగ్-ఆఫ్ట్రా ఒప్పందం కింద ఒక్క రోజు మాటలున్న పాత్ర చేసినా, మూడు రోజులు గుంపులో కనిపించే బ్యాక్‌గ్రౌండ్ చేసినా అర్హత వస్తుంది. ప్రవేశ రుసుము మూడువేల డాలర్లు. మొదటి యూనియన్ పని చేశాక 30 రోజులు చేరకుండానే మిగతావీ చేయవచ్చు, ఆ తర్వాత వచ్చే యూనియన్ పనికి చేరక తప్పదు. టెక్సాస్, జార్జియా, ఫ్లోరిడాల్లో మాత్రం రైట్-టు-వర్క్ చట్టాలున్నాయి కాబట్టి సభ్యత్వం లేకుండానే యూనియన్ పనులు చేసుకోవచ్చు. డాలస్, అట్లాంటా వైపు ఉన్నవాళ్లకు ఇది కలిసొచ్చే విషయం. ఎందుకంటే ఒకసారి సభ్యులయ్యాక, ఒప్పందంపై సంతకం చేయని నిర్మాత దగ్గర నటించకూడదు. ఇక్కడ మనవాళ్లు సొంత డబ్బుతో తీసే తెలుగు వెబ్ సిరీస్‌లు, ఇండిపెండెంట్ సినిమాలు చాలావరకు ఆ కోవలోవే. హైదరాబాద్ నుంచి సీరియల్ పిలుపు వచ్చినా ముందు యూనియన్‌ని అడిగాకే ఒప్పుకోవాలి. షోరీల్‌లో నాలుగు మంచి క్లిప్పులు చేరి, ఏజెంటు నుంచి యూనియన్ పిలుపులు వరసగా వస్తున్నాయనుకున్నప్పుడే ఆ మూడువేలు కట్టండి.