గుడి ముందు పోలీసు కారు

పోయిన దసరాకి గుడికి వెళ్తే పార్కింగ్ మొదట్లోనే పోలీసు కారు ఆగి ఉంది. హైదరాబాద్ నుంచి వచ్చిన మా అమ్మ దాన్ని చూసి, "ఎవరో మినిస్టర్ వస్తున్నట్టున్నాడు. మన దర్శనం ఆలస్యమైతదేమో" అంది. వెనక సీట్లోంచి మా తొమ్మిదేళ్ళ పాప, "కాదు అమ్మమ్మా, ఎవరన్నా షూట్ చేయడానికి వస్తే ఆపడానికి" అంది. వానొస్తోంది అన్నంత మామూలుగా చెప్పింది.

అమ్మ నా ముఖం చూసింది. ఏం చెప్పాలో నాకు తోచలేదు. ఆ రోజు హారతి కళ్ళకద్దుకున్నానే గానీ మనసు పూజలో లేదు.

మాది అమెరికాలో పిట్స్‌బర్గ్. 2018 అక్టోబర్ 27, శనివారం పొద్దున ఇక్కడి స్క్విరెల్ హిల్‌లో, ట్రీ ఆఫ్ లైఫ్ అనే యూదుల ప్రార్థనా మందిరంలోకి ఒకడు తుపాకీతో వచ్చి 11 మందిని చంపాడు. పోయినవాళ్ళలో 97 ఏళ్ళ ముసలావిడ కూడా ఉంది. అడ్డుకోవడానికి వెళ్ళిన పోలీసుల్లో కొందరు గాయపడ్డారు. వాడికి యూదులంటే ద్వేషం. వేరే దేశాల నుంచి వచ్చేవాళ్ళకి యూదులు సాయం చేస్తున్నారని మరీ కోపం. ఆ మాట చదివినప్పుడు నా చేతులు చల్లబడ్డాయి. మేమూ అలా వచ్చినవాళ్ళమే. పాపకి అప్పుడు మూడేళ్ళు.

ఆ రోజు నుంచి మా గుడి కమిటీలో టెన్షన్. పండగలకి పోలీసుని పెట్టాలా, పక్క తలుపులకి తాళాలు వేయాలా అని వాదనలు. ఇలాంటి వాటికి ప్రార్థనా స్థలాలకి ఫెడరల్ ప్రభుత్వం గ్రాంట్ ఇస్తుంది. కెమెరాలకీ తలుపులకీ కాపలాకీ వాడుకోవచ్చు. పెద్దవాళ్ళు కొందరు "దేవుడి గుడికి తలుపులు మూస్తామా" అన్నారు. నేనూ వాళ్ళ వైపే ఉన్నాను. ఏ భయమూ లేకుండా నా బిడ్డ కూర్చునే చోటు ఈ దేశంలో ఒక్కటైనా ఉండాలని నా ఆశ.

నా మనసు మార్చింది ఆ యూదు మందిరం సంగతే. శనివారం సబ్బాతు, యూదుల విశ్రాంతి దినం. ఆ రోజు ఫోన్ ముట్టకపోవడం వాళ్ళలో నిష్ఠ గలవాళ్ళకి నియమం. కానీ ప్రమాదం వస్తే పనికొస్తుందని, భద్రత చూసే సలహాదారు ముందే నచ్చజెప్పడంతో అక్కడి రబ్బీ (మతగురువు) జెఫ్రీ మయర్స్ ఫోన్ దగ్గర పెట్టుకునేవారు. కాల్పులు మొదలవగానే అత్యవసర నంబరు 911కి చేశారు. ప్రాణం కోసం ఆయన నియమం సడలించగలిగితే, పక్క తలుపు బయటి నుంచి తెరుచుకోకుండా చేయడానికి నాకేం అభ్యంతరం?

ఇంటికొచ్చాక అమ్మ, "మన దగ్గర ఇట్లాంటివి ఉండవు" అంది. మన దగ్గర గుడి ముందు పోలీసు అంటే క్యూ చూసేవాడు, తప్పిపోయిన పిల్లల్ని మైకులో పిలిపించేవాడు. నిజమే. కానీ 2007 మే 18న హైదరాబాద్ మక్కా మసీదులో శుక్రవారం నమాజు వేళ బాంబు పేలింది. ఆ సాయంత్రం నేను ఇల్లు చేరేదాకా అమ్మ గుమ్మంలోనే నిలబడింది. గుర్తుచేస్తే "అవునే" అని ఊరుకుంది.

పాపకి ఇవేవీ కొత్త కాదు. తుపాకీతో ఎవరన్నా వస్తే ఎలా దాక్కోవాలో స్కూల్లో లాక్‌డౌన్ డ్రిల్ చేయిస్తారు. లైట్లు ఆర్పి, మూలన నక్కి, నోరు మెదపకుండా కూర్చోవడం దానికి కిండర్‌గార్టెన్ నుంచీ తెలుసు. గుడి దగ్గర పోలీసు ఎందుకుంటాడో నేను చెప్పకముందే తనకి తానే అర్థం చేసుకుంది. నా బాధ అదే. అది నేను చెప్పాల్సిన మాట. చెప్పినప్పుడు మిగతా సగం కూడా చెప్పేదాన్ని. ఆ 11 మంది కుటుంబాల కోసం అమెరికాలోని ముస్లింలు చందాలు మొదలుపెట్టారనీ, అవి రెండు లక్షల డాలర్లు దాటాయనీ, కావాలంటే మీ ప్రార్థనలప్పుడు మేం బయట కాపలాగా నిలబడతామని ఇక్కడి ఇస్లామిక్ సెంటర్ వాళ్ళు అన్నారనీ.

ఆలస్యంగానైనా ఆ రాత్రి చెప్పాను. అంతా విని ఒకటే అడిగింది: "అమ్మమ్మ పరిగెత్తలేదు కదా?"

అమ్మకి మోకాళ్ళ నొప్పులు. ఎక్కడికి వెళ్ళినా స్వామికి ఎదురుగా కూర్చోవాలి, అది ఆమె పట్టుదల. తర్వాతి శనివారం పాప ఆమె చేయి పట్టుకుని పక్క తలుపు దగ్గర కుర్చీకి తీసుకెళ్ళింది. "ఇక్కడ కూర్చో అమ్మమ్మా, నేనూ నీ దగ్గరే ఉంటా" అంది. అమ్మ ఎదురు చెప్పలేదు. ఊరికి తిరిగి వెళ్ళేదాకా అక్కడే కూర్చుంది. అక్కణ్ణుంచి స్వామి ముఖం సగమే కనిపిస్తుంది.