విజయనగరంలో ఒక లెక్క, ముఖలింగంలో ఒక శాసనం

విజయనగరం వెళ్లినవారు కోట చూస్తారు, పైడితల్లి అమ్మవారిని దర్శించుకుంటారు, గురజాడ ఇంటి ముందు ఫొటో దిగుతారు. మేమూ అవన్నీ చేశాం. అయితే నన్ను ఆ ఊరికి లాక్కెళ్లింది ఒక జాబితా. వెంట మా మేనల్లుడు వచ్చాడు. ఇంజనీరింగ్ చదువుతున్నాడు. "సైన్సు చదివేవాణ్ణి కవి గారి ఊరికి తీసుకెళ్తున్నావు, ఎందుకు మామయ్యా?" అని రైల్లోనే అడిగాడు. ఊళ్లో దిగాక చెబుతానన్నాను.

1713లో కట్టడం మొదలైన కోట అది. ఎండ ముదరకముందే చేరుకుని, గోడ నీడలో కూర్చున్నాం. ఈ సంస్థానాన్ని 1879 నుంచి 1897 దాకా ఏలిన ఆనంద గజపతి గురించి చెప్పేటప్పుడు ఆయన సంగీత ప్రియత్వం, కవి పండిత పోషణ, దానధర్మాలే ఎక్కువగా చెబుతారు. నాకు మాత్రం ఆయన చేయించిన ఒక లెక్క వీటన్నిటికన్నా పెద్ద పనిగా తోస్తుంది. నాటి విశాఖపట్నం జిల్లాలో సామాన్య బ్రాహ్మణ కుటుంబాల్లో మూడేళ్ల కాలంలో ఆడపిల్ల తరఫువారు డబ్బు పుచ్చుకుని చేసిన పెళ్లిళ్లెన్నో జాబితా తయారు చేయించారాయన. ఆ అంకెలను గురజాడ 'కన్యాశుల్కం' మొదటి కూర్పుకు ఇంగ్లీషులో రాసిన ముందుమాటలో పొందుపరిచారు. ఫోనులో దాచుకున్న ఆ పేజీ తీసి మావాడికి చదివి వినిపించాను.

జాబితాకెక్కిన పెళ్లిళ్లు 1,034. ఏడాదికి సగటున 344. పెళ్లి నాటికి ఐదేళ్ల పిల్లలు 99 మంది, నాలుగేళ్లవాళ్లు 44, మూడేళ్లవాళ్లు 36, రెండేళ్లవాళ్లు 6. ఏడాది నిండిన పసికందులు ముగ్గురు. ఆ ముగ్గురికీ పలికిన వెల తలా 350 నుంచి 400 రూపాయలు.

మావాడు ఫోనులో కూడి చూశాడు. "ఐదేళ్లు, అంతకు లోపు కలిపితే 188 మంది మామయ్యా. నూటికి పద్దెనిమిది!" అన్నాడు. కాసేపు ఊరుకుని, "ఒప్పుకున్నవాళ్ల లెక్కే కదా ఇది?" అని అడిగాడు. నేను ఎదురుచూస్తున్న ప్రశ్న అదే. గురజాడ ఆ మాటా రాశారు. డబ్బు తీసుకున్నామని చెప్పుకోవడానికి సంబంధించినవాళ్లు సహజంగానే ఇష్టపడరు కనుక ఈ జాబితా సమగ్రం కాదన్నారు. తన చేతిలోని ఆధారం ఎంతవరకు నిలుస్తుందో తానే ముందుగా చెప్పడం శాస్త్రజ్ఞుడికి ఉండే గుణం. నాటకకర్త ముందుమాటలో అది కనిపించినందుకు నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే.

1881లో దేశమంతటా ఒకేసారి జనాభా లెక్కలు జరిగాయి. సమాజాన్ని కూడా లెక్కించి చూడవచ్చనే ఆలోచన పాలకుల్లో నాటుకుంటున్న రోజులవి. అంతకుముందు దురాచారాన్ని ఖండించాలంటే స్మృతుల్లోంచి శ్లోకాలు తీసేవారు. అవతలివారు మరో శ్లోకం తీసేవారు. ఆ వాదానికి అంతుండేది కాదు. 99, 44, 36 అనే అంకెలకు బదులు చెప్పే శ్లోకం లేదు. కన్యాశుల్కాన్ని చట్టంతో ఆపాలన్న ప్రయత్నం నెగ్గలేదు. నాటకం మాత్రం 1892లో ఇదే ఊళ్లో రంగస్థలమెక్కింది, 1897లో అచ్చయింది. మహారాజుకే అంకితమైంది. ఆయన పోయింది ఆ ఏడాదే.

గురజాడ ఇల్లు అక్కడికి దగ్గరే. ఇప్పుడది స్మారక భవనం. గది లోపల చల్లగా ఉంది. గోడల మీది ఫొటోలో సన్నటి మనిషి, తలపాగా, ఎదుటివారిని పరీక్షగా చూస్తున్నట్టున్న కళ్లు. మావాడు ఫొటో ముందు చాలాసేపు నిలబడ్డాడు. అక్కడే వాడికి 1910 నాటి సంగతి చెప్పాను.

ఆ ఏడాది హేలీ తోకచుక్క వచ్చింది. ఏప్రిల్ 20న సూర్యుడికి బాగా దగ్గరగా వచ్చి, మే 20న భూమికి అతి చేరువగా సాగిపోయింది. అప్పటికే దాని కాంతిని వర్ణపటంగా విడదీసి చూసిన శాస్త్రజ్ఞులు అందులో సయనోజెన్ అనే విషవాయువు ఉందని కనిపెట్టారు. భూమి దాని తోకలోంచి వెళ్తుందన్న వార్తతో యూరప్, అమెరికాల్లోనూ జనం హడలిపోయారు. ఆ తోక ఎంత పలచనంటే, మనిషికి దానివల్ల ఏ హానీ కలగలేదు. మన దగ్గర తోకచుక్క అంటే అరిష్టం, రాజుకు గండం, దేశానికి కరువు. ఆ ఏడాదే గురజాడ 'ముత్యాల సరాలు' రాశారు. అందులోని భర్త ఆ చుక్కను భూమికి దూరపు చుట్టమంటాడు, దారిన పోతూ చూసి పోవడానికి వచ్చిందంటాడు. సంఘ సంస్కరణ ప్రయాణానికి అది పతాక అంటాడు.

తోకచుక్కను చుట్టమనడం ఉత్త చమత్కారం కాదు. ఎడ్మండ్ హేలీ పాత రికార్డులు పోల్చి, న్యూటన్ సూత్రాలతో గణించి, అది 1758లో మళ్లీ వస్తుందని చెప్పాడు. ఆయన 1742లోనే పోయాడు. చుక్క చెప్పిన ఏడాదే కనిపించింది. వేళ తెలిసి వచ్చేది చుట్టమే అవుతుంది, పిశాచం కాదు. ఆ కవితలోనే గురజాడ 'కన్ను కానని వస్తుతత్త్వము' చూడనేర్చిన విద్య గురించి, దాన్ని నేర్చి సత్యాన్ని వెతకడం గురించి చెబుతారు. ఇంగ్లీషు చదువు హంగు మాత్రమే అబ్బినవాడు ఎలా ఉంటాడో గిరీశంలో అప్పటికే చూపించారు కనుక, ఆ మాట ఆయన నోట బరువుగా వినిపిస్తుంది. ఈ ప్రాంతానికి ఆకాశశాస్త్రం కొత్త కాదు కూడా. పక్కనే విశాఖలో గోడే వెంకట జగ్గారావు 1840లోనే సొంత ఖర్చుతో వేధశాల పెట్టారు.

మర్నాడు శ్రీకాకుళం వైపు బయలుదేరాం. అరసవల్లిలో ఆగినప్పుడు మావాడే ఒకటి కనిపెట్టాడు. మార్చి రెండో వారంలోనూ, అక్టోబరు మొదట్లోనూ ఉదయకిరణాలు మూలవిరాట్టు పాదాల మీద పడతాయి కదా, పగలూ రాత్రీ సమానమయ్యే మార్చి విషువత్తుకు ఎన్నాళ్ల ముందో సెప్టెంబరు విషువత్తుకు ఇంచుమించు అన్నాళ్ల తర్వాత అన్నమాట, ఆ రెండు వేళలా సూర్యుడు ఒకే దిక్కున ఉదయిస్తాడు అన్నాడు. క్యూలో ముందున్న పెద్దాయన వెనక్కి తిరిగి, "బాబూ, మళ్లీ ఒకసారి చెప్పు" అని చెప్పించుకున్నారు.

అక్కడినుంచి శ్రీముఖలింగం. వంశధార గట్టున మధుకేశ్వరాలయం. లోపలికి నడుస్తుంటే చేతికందే ఎత్తులోనే రాతి మీద అక్షరాలు వరుసలు కట్టి ఉంటాయి. కొన్ని అరిగి గీతల్లా మిగిలాయి, కొన్ని నిన్న చెక్కినంత లోతుగా ఉన్నాయి. గిడుగు వెంకట రామమూర్తి పుట్టిన పర్వతాలపేట ఈ ప్రాంతంలోదే. 1863 ఆగస్టు 29న పుట్టారాయన. విజయనగరంలో గురజాడకు సహాధ్యాయి. ప్రాచీన లిపులు తనంతట తాను నేర్చుకుని ఈ శాసనాలు చదివారు. తూర్పు గాంగుల రాజధాని కళింగనగరం ఇదేనని ప్రతిపాదించారు.

ఆయన వ్యావహారిక భాష కోసం వాదించిన తీరు నాకు ఇక్కడే బాగా అర్థమైంది. భాష ఎలా ఉండాలో వ్యాకరణం శాసించడం కాదు, జనం ఎలా మాట్లాడారో, కవులు నిజంగా ఏం రాశారో చూసి వ్యాకరణం చెప్పాలన్నది ఆయన పట్టు. గ్రాంథికవాదుల గ్రంథాల్లోంచే వారి నియమాలకు ఎదురుతిరిగిన ప్రయోగాలు ఏరి 'గద్య చింతామణి', 'బాలకవి శరణ్యం' నింపారు. 1914లో గురజాడ మద్రాసు విశ్వవిద్యాలయానికి ఇచ్చిన అసమ్మతి పత్రమూ ఆ ఉద్యమంలో భాగమే. కొండజాతి సవరల భాష విషయంలో గిడుగు ఇంకా ముందుకు వెళ్లారు. పుస్తకమే లేని భాష అది. ఏళ్ల తరబడి సవరలను ఇంట్లో పెట్టుకుని, ఒక్కో ధ్వనినీ చెవితో పట్టుకుని రాసుకున్నారు. ఆ భాషకు ఆయన రాసిన వ్యాకరణం 1931లో వెలువడింది.

"ఒక్క భాషకు అన్నేళ్లా?" అన్నాడు మావాడు, శాసనం మీద వేలు ఆనించకుండా దగ్గరగా వంగి చూస్తూ. అన్నేళ్లే. సవరల కోసం కొండల్లో తిరిగి మలేరియా తెచ్చుకున్నారు. దానికి వాడిన క్వినైన్ వల్ల వినికిడి పోయింది. ఆ తర్వాతా ఊరూరా సభల్లో వాడుక భాష కోసం వాదిస్తూనే తిరిగారు, 1940లో కన్నుమూసేదాకా.